ట్రయల్ పూట జరిగే పని

పెళ్లి ఖర్చులు రాసుకునే పుస్తకంలో ఇంటి పెద్ద చేయి ఆగిపోయే పద్దు ఒకటుంటుంది. మండపానికి ఇంత, వంటవాళ్లకు ఇంత, ఫొటోలకు ఇంత అని రాసుకుంటూ వచ్చిన కలం పెళ్లికూతురి అలంకరణ దగ్గర కాస్త నెమ్మదిస్తుంది. దాని కింద ‘ట్రయల్’ పేరుతో మరికొన్ని వేలు విడిగా కనిపిస్తే పూర్తిగా ఆగుతుంది. “పెళ్లినాడు వేసేదానికి ఎలాగూ ఇస్తున్నాం. వేసి చూసి కడిగేసేదానికి కూడా ఇవ్వాలా?”

న్యాయమైన ప్రశ్నే. ధరల పట్టిక చూస్తే దానికి జవాబు దొరకదు. ఆ పూట కుర్చీ చుట్టూ ఏం జరుగుతుందో వరసగా చూడాలి. తెలుగింటి పెళ్లికూతురి అలంకరణలో తేల్చుకోవలసిన ప్రతి విషయమూ ట్రయల్‌లోనే తేలాలి. పెళ్లినాడు చేతులకు పనుండాలి గాని బుర్రకు వెతుకులాట ఉండకూడదు. మనం రుసుము కట్టేది ఆ తేల్చుకోవడానికే.

మొదట చర్మం. మొహం కడుక్కుని వచ్చిన అమ్మాయిని మేకప్ ఆర్టిస్టు పగటి వెలుతురు పడే కిటికీ పక్కన కూర్చోబెడుతుంది. కాసేపు ఏమీ రాయదు, చూస్తుంది. మన మొహాల్లో ఒకే రంగు ఉండడం అరుదు. నుదురు, నోటి చుట్టూ కాస్త ముదురుగా, బుగ్గలు లేతగా, మెడ ఇంకో రకంగా ఉంటాయి. ఫౌండేషన్ ఎంచడానికి రెండు లెక్కలు కావాలి. చర్మం ఎంత ముదురో చెప్పేది మొదటిది. లోపలి ఛాయ పసుపు వైపుందా, ఎరుపు వైపుందా, ఆకుపచ్చ వైపుందా అని చెప్పేది రెండోది. మొదటిది ఎవరికైనా కనిపిస్తుంది. రెండోది పట్టుకోవడంలోనే పనితనం ఉంది. అది తప్పితే ఎంత ఖరీదైన సీసా వాడినా మొహం బూడిద పూసినట్టు తేలుతుంది.

అందుకే దవడ ఎముక మీద, మొహమూ మెడా కలిసే చోట, మూడు దగ్గరి రంగులు పక్కపక్కన గీతలుగా గీస్తుంది. వెంటనే ఎంచుకోదు. చర్మంలోని నూనె, గాలి తగిలి చాలా ఫౌండేషన్లు పావుగంట, ఇరవై నిమిషాల్లో కాస్త ముదురుతాయి. ముదిరాక కూడా ఏ గీత చర్మంలో కలిసి కనబడకుండా పోతుందో అదే సరైన రంగు. తరచుగా ఏ ఒక్క సీసాతోనూ అది కుదరదు. రెండు కలపాలి, ఒకదానికి రెండు పాళ్లు, ఇంకోదానికి ఒక పాలు అని కొలిచి. ఆ పాళ్లు పుస్తకంలోకి ఎక్కుతాయి.

ఇక్కడే మన పెళ్లిళ్లకే ప్రత్యేకమైన చిక్కొకటి ఎదురవుతుంది. పెళ్లికూతుర్ని చేసి, నలుగు పెట్టి, మంగళస్నానం చేయించాక పసుపు పూర్తిగా వదలదు. ముఖ్యంగా చెవుల వెనక, వెంట్రుకలు మొదలయ్యే అంచున, గోళ్ల చుట్టూ నిలుస్తుంది. ట్రయల్ నాడు మామూలు చర్మానికి కుదిరిన రంగు పెళ్లినాడు పసుపు పట్టిన చర్మం మీద వేరుగా పలుకుతుంది. అనుభవమున్న ఆర్టిస్టు ముందే అడుగుతుంది: “మీ ఇంట్లో నలుగు ఎప్పుడు? మొహానికి పసుపు దట్టంగా రాస్తారా, తాకిస్తారా?” జవాబును బట్టి రెండో మిశ్రమం కూడా రాసిపెట్టుకుంటుంది. ఆచారాన్ని మార్చమని ఎవరినీ అడగదు. తన లెక్కనే ఆచారానికి సరిపెట్టుకుంటుంది.

రంగు తేలాక పొరలు. కళ్ల కింది నలుపును ఫౌండేషన్‌తోనే కప్పబోతే దళసరిగా పేరుకుని, నవ్వినప్పుడల్లా గీతలు పడుతుంది. అందుకని దాని ఎదుటి రంగుతో విరుగుడు వేస్తారు. నీలం, బూడిద కలిసిన నలుపును నారింజ రంగు కరెక్టర్ అణచేస్తుంది. వేలి కొసన అంటినంత చాలు. దాని మీద ఫౌండేషన్‌ను తడి స్పాంజితో అద్దాలే గాని రుద్దకూడదు. రుద్దితే కింది నారింజ కదిలి పైకి వస్తుంది. గోడకు వెల్ల వేసే మనిషి మొదటి పూత ఆరేదాకా రెండో పూతకు తొందరపడనట్టే, ఇక్కడా పలచటి పొర వేసి, ఆరనిచ్చి, పౌడరు అద్ది, ఆ పైన ఇంకో పలచటి పొర. చెమట పట్టినప్పుడు పలచటి పొరలు నిలుస్తాయి. ఒకేసారి వేసిన మందం పెళ్లలుగా లేస్తుంది. వైశాఖంలో విజయవాడలోనో విశాఖలోనో పెళ్లంటే ఆ ఉక్కలో గంటల తరబడి పీటల మీద, పక్కనే హోమం. ఆ తేడా అక్కడ బయటపడుతుంది.

ఎయిర్‌బ్రష్ పద్ధతిలో స్పాంజి బదులు చిన్న కంప్రెసర్ ఉంటుంది. గాలి ఒత్తిడితో పలచటి ద్రవం మంచులా చర్మం మీద వాలుతుంది. పొర సమంగా వస్తుంది, చేయి తగలదు. కానీ అప్పగింతల్లో కన్నీటి చార పడితే దాన్ని సరిదిద్దడం స్పాంజి పని కన్నా కష్టం. ఏది కావాలో చెప్పాల్సింది ఫ్యాషన్ కాదు, ఆ అమ్మాయి చర్మమూ స్వభావమూ. ట్రయల్‌లో ఒక చెంపకు అదీ, ఇంకో చెంపకు ఇదీ వేసి రెండు మూడు గంటలు వదిలి చూసేవాళ్లున్నారు.

తర్వాత వెలుతురు పరీక్ష. అద్దంలో బాగున్న మొహం ఫొటోలో తెల్లగా పాలిపోవచ్చు. కారణం సూటిగానే ఉంటుంది. కొన్ని మెత్తటి పౌడర్లలో సిలికా, ఎండ నుంచి కాపాడే క్రీముల్లో టైటానియం డయాక్సైడ్, జింక్ ఆక్సైడ్ ఉంటాయి. ఎదురుగా ఫ్లాష్ పడితే ఇవి ఆ కాంతిని కెమెరా వైపే వెనక్కి చిమ్ముతాయి. మామూలు దీపం కింద ఇది కంటికి కనబడదు. కాబట్టి ఆర్టిస్టు గది చీకటి చేసి ఫ్లాష్‌తో ఒక ఫొటో, పసుపు దీపం కింద ఒకటి, కిటికీ వెలుతురులో ఒకటి తీస్తుంది. మూడింటిలోనూ మొహమూ మెడా ఒకే మనిషివిగా కనబడితేనే ఆ పౌడరు పాసైనట్టు.

ఇక నుదురు. చిన్న స్థలం, కానీ దాని మీద హక్కుదారులు చాలామంది. పాపిట్లోంచి పాపిడి బిళ్ళ దిగుతుంది. కనుబొమల మధ్య కల్యాణ తిలకం ఉంటుంది. వాటికి అడ్డంగా బాసికం వస్తుంది, దాని దారాలు కణతల మీదుగా పోయి తల వెనక ముడిపడతాయి. బాసికం కట్టాక పాపిడి బిళ్ళ దాని కింద నలగకూడదు, తిలకం చెరగకూడదు, దారం కింద ఫౌండేషన్ గీతలా లేవకూడదు. అందుకే తెలివైన ఆర్టిస్టు ట్రయల్‌కు వచ్చేటప్పుడు నగలతో పాటు ఒక బాసికాన్ని, దొరక్కపోతే అంత వెడల్పున్న అట్టముక్కను తెమ్మంటుంది. బిళ్ళ గొలుసు ఎంత పొడవుంటే బాసికం పై అంచు దగ్గర ఆగుతుందో కొలిచి, మిగిలిన కొసను పాపిట్లో వెనక్కి జరిపి దాచేస్తుంది. తిలకం, బుగ్గచుక్క ఎక్కడ పెట్టాలో చుక్కలతో గుర్తు వేసుకుంటుంది.

జడ పని వేరే చేతిది. చాలా చోట్ల మేకప్ వేసేవాళ్లు, జడ వేసేవాళ్లు ఇద్దరు. బిల్లులో రెండు పద్దులు కనబడడానికి ఇదే మూలం. ముంబై సినిమా రంగంలో ఈ విభజన దశాబ్దాల పాటు సంఘం నిబంధనగానే ఉండేది. మేకప్ మగవాళ్లది, జుట్టు పని ఆడవాళ్లది. ఆడవాళ్లకు మేకప్ ఆర్టిస్టు కార్డు ఇవ్వకపోవడం చెల్లదని సుప్రీంకోర్టు 2014 నవంబరులో తీర్పు చెప్పింది. పెళ్లి పనుల్లో అలాంటి అడ్డుగోడ లేకపోయినా రెండు విద్యలూ వేరు కాబట్టి ఇద్దరు మనుషులు నిలిచారు.

జడ మనిషి మొదటి ప్రశ్న: “తలంటు ఎప్పుడు పోసుకున్నావమ్మా?” అప్పుడే కడిగిన జుట్టు జారుడు, పిన్ను నిలవదు. పిన్నులకు ముందురోజు తలస్నానం చేసిన జుట్టే అనుకూలం. మన పెళ్లిలో ఆ వీలు లేదు. మంగళస్నానం పెళ్లినాడే. కాబట్టి ట్రయల్‌కూ ఆ పొద్దునే తలంటు పోసుకుని రమ్మంటారు. పొడవైన ఒత్తు జుట్టు ఆరడానికి ఎంతసేపు పడుతుందో అప్పుడే తేలుతుంది. జారుడుకు విరుగుడుగా పైపొర జుట్టును పక్కకు తీసి, లోపలి పాయల్ని వేర్ల దగ్గర క్రింపింగ్ ఇనుముతో చిన్న అలలుగా మడతపెడతారు. పిన్ను ఆ అలల్లో కరుచుకుంటుంది. పైన నున్నగా దువ్విన పొర కప్పేస్తే ఆ పట్టు ఎవరికీ కనబడదు.

తర్వాత సవరం. తిరుమల కల్యాణకట్టలో భక్తులు సమర్పించిన తలనీలాలను దేవస్థానం పొడవును బట్టి రకాలుగా విడదీసి ఈ-వేలం వేస్తుంది. అసలు వెంట్రుకల సవరం ధర పొడవును బట్టి ఎందుకు పెరుగుతుందో దీన్ని బట్టి ఊహించుకోవచ్చు. నైలాన్ సవరం చవక, కానీ ఫ్లాష్ కింద మెరిసి వేరుగా తెలిసిపోతుంది, వేడి ఇనుము తగిలితే కరుగుతుంది. సవరాన్ని వట్టిగా ముడి వేసి వేలాడదీస్తే బరువంతా మెడ మీద గుప్పెడు జుట్టు మోయాలి. గంట తిరక్కముందే తలనొప్పి. అందుకని మెడ పైన జుట్టును నల్లదారంతో గట్టిగా కట్టి, సవరం తలకట్టులోంచి సొంత జుట్టు పాయను దూర్చి, మొదటి కొన్ని అల్లికల దాకా సొంత జుట్టూ సవరమూ కలిపి అల్లుతారు. తలకట్టును పైకి లాగి, క్రింప్ చేసిన జుట్టులోకి పిన్నుల్ని ఒకదాని మీదొకటి అడ్డంగా గుచ్చుతారు. ఇప్పుడు బరువు ఒక్క చోట పడకుండా తల వెనక భాగమంతా పంచుకుంటుంది. చెవి బుట్టల బరువును జుట్టుకు అందించే మాటీలు, వెనక రాగిడి, పాపిటకు అటూ ఇటూ సూర్యచంద్రులు, కొసన జడకుప్పెలు: ప్రతి నగకూ లోపల ఒక పిన్ను మొదలు, ఒక పట్టు చోటు ముందే కట్టి ఉంచాలి.

అన్నిటికన్నా అందమైన ఏర్పాటు నడినెత్తిన ఉంటుంది. ముహూర్తానికి వధూవరులు ఒకరి తలపై ఒకరు జీలకర్ర బెల్లం పెట్టుకుంటారు. ఆ ముద్ద నిలవాలంటే అరచేయి ఆనేంత సమతలం కావాలి. ఫొటోల్లో చూసి ముచ్చటపడి తెచ్చిన ఎత్తైన పఫ్ సరిగ్గా ఆ చోటే లేస్తుంది. దానిమీద పెట్టిన ముద్ద జారి మెడ మీదికి దిగుతుంది. జడ తెలిసిన మనిషి పఫ్‌ను కాస్త వెనక్కి జరిపి, నడినెత్తిన నాలుగు వేళ్ల మేర చదునుగా వదిలిపెడుతుంది. తర్వాత తలంబ్రాలు. ఆ బియ్యం చదును మీద నుంచి రాలిపోవాలే గాని పఫ్ మడతల్లో చిక్కకూడదు. మాంగల్యధారణ వేళ ఆడపడుచు జడ ఎత్తి పట్టుకుంటుంది, కాబట్టి జడ వీపుకు పిన్నులతో బిగించకూడదు. ట్రయల్‌లో ఇవన్నీ చేయించి చూస్తారు. తల వంచమంటారు, పెద్దల కాళ్లకు దండం పెట్టినట్టు పూర్తిగా వంగమంటారు, జడ ఎత్తి వదులుతారు. ఏ పిన్ను కదిలిందో అక్కడ ఇంకోటి.

పూలజడ కుట్టేవాళ్లు మూడో చేయి. గుడిమల్కాపూర్ మార్కెట్టో కడియపులంక మార్కెట్టో, పూలు ఎక్కణ్ణించి వచ్చినా ముందు తేలాల్సింది ముహూర్తం వేళ. మల్లెమొగ్గలు పొద్దున కోస్తే సాయంత్రానికి విచ్చుకుంటాయి. పగటి ముహూర్తానికి మొగ్గల జడ మొగ్గల జడగానే ఉంటుంది. రాత్రి ముహూర్తానికి కుట్టిన వరసలు విచ్చుకుని ఒత్తుగా, వాసనగా తయారవుతాయి. కాబట్టి రాత్రికైతే వరసల మధ్య కొంచెం ఎడం వదలాలి. కనకాంబరాలు తేలిక, వాసన లేదు, రంగుకు పనికొస్తాయి. మరువం అంచుకు, వాసనకు. మల్లెల కాలం కాకపోతే చామంతులో గులాబీలో తోడు రావాలి, బరువు లెక్క మారుతుంది.

పాత పద్ధతిలో సూది దారంతో మొగ్గల్ని జడ మీదే కుట్టేవారు. జడ ఎటు వంగితే పూలూ అటే వంగుతాయి, కానీ అమ్మాయి గంటల తరబడి కదలకుండా కూర్చోవాలి. ఇప్పుడు ఎక్కువగా పట్టీ మీద ముందే కుట్టి, వెనక దారాలతో జడకు కట్టేస్తున్నారు. పట్టీ బిరుసుగా నిలవకుండా కొందరు దాన్ని ముక్కలుగా చేసి, అతుకుల దగ్గర జడ వంగేలా చూస్తారు. దీనికి ట్రయల్‌లో కావలసింది పూలు కాదు, కొలతలు. జడ వెడల్పు పైన ఎంత, నడుమ ఎంత, కింద ఎంత; వడ్డాణం ఎక్కడ తగులుతుంది. పొడవును నిలబెట్టి ఒకసారి, పీట మీద కూర్చోబెట్టి ఒకసారి కొలుస్తారు. నిలబడ్డప్పుడు మోకాళ్ల దాకా ముచ్చటగా దిగిన జడ, కూర్చున్నప్పుడు నేలకు తగిలి మడతపడితే కింది వరసలు నలిగిపోతాయి.

వీటన్నిటి వెనకా గడియారం నడుస్తుంటుంది. ట్రయల్‌లో ప్రతి అంచెకూ పట్టిన సమయం రాసుకుంటారు. జుట్టు ఆరడం, క్రింపింగ్, అల్లిక, పొరలు, కళ్లు, చీరకట్టు, నగలు. పెళ్లినాడు ఈ మొత్తాన్ని వెనక్కి లెక్కపెట్టుకోవాలి. కొత్తవాళ్లు ముహూర్తం నుంచి వెనక్కి వెళ్తారు. తెలిసినవాళ్లు గౌరీపూజ నుంచి వెళ్తారు, ఎందుకంటే పెళ్లికూతురు సిద్ధమై కూర్చోవాల్సింది అప్పటికే. తెల్లవారుజామున ముహూర్తమైతే అలంకరణ అర్ధరాత్రి దాటకముందే మొదలుపెట్టాలన్నమాట. ఎవరు ఎన్నింటికి నిద్ర లేవాలి, కూర్చునేముందు ఏం తినాలి అన్నవి కూడా ఈ కాగితం మీదికి ఎక్కుతాయి.

పైకి కనబడని పరీక్ష ఇంకోటి ఉంది. కనురెప్పల జిగురు, కొత్త ఫౌండేషన్, పారాణి, ఏదైనా చర్మానికి పడకపోవచ్చు. చెవి వెనకో మోచేతి మడతలోనో కొంచెం రాసి 48 గంటలు చూడాలి. కొన్ని పడకపోవడాలు ఒకటి రెండు రోజుల తర్వాతే దద్దురుగా బయటపడతాయి. అందుకే ట్రయల్ పెళ్లికి ముందురోజు పెట్టుకుంటే సగం ప్రయోజనం పోతుంది. దద్దురు తగ్గడానికి, వస్తువు మార్చడానికి, మళ్లీ పరీక్షించడానికి చాలినంత ఎడం ఉండాలి.

ఇప్పుడు ఖర్చు దగ్గరికి వద్దాం. ట్రయల్ చివర మిగిలేది ఒక కాగితం, కొన్ని ఫొటోలు. కాగితం మీద మొహం బొమ్మ గీసి ఉంటుంది. ఏ సీసాలు ఏ పాళ్లలో, ఏ పొర తర్వాత ఏ పొర, పిన్నులు ఎక్కడ, జడ కొలతలు, అంచెల సమయాలు. ఈ కాగితాన్ని తయారుచేయడానికి ఒకరో ఇద్దరో నిపుణులు సగం రోజు వెచ్చిస్తారు, ఆ వేళకు ఇంకో పని ఒప్పుకోరు. మస్కారా పుల్లలు, స్పాంజిలు ఒకరికి వాడినవి ఇంకొకరికి వాడకూడదు. నచ్చక తుడిచేసిన రంగులూ రంగులే. ఇంటికి వస్తే ప్రయాణం. పెళ్లినాటి పనికన్నా ఇక్కడ ఆలోచన ఎక్కువ, తుడిచి మళ్లీ వేయడమూ ఎక్కువ. అయినా రుసుము పెళ్లినాటి రుసుములో ఒక వంతే. పన్ను సంగతి కూడా తెలుసుకోవాలి. 2025 సెప్టెంబరు 22 నుంచి ఇలాంటి సేవలపై జీఎస్టీ 18 శాతం నుంచి 5 శాతానికి తగ్గింది. కానీ కొన్న సామానుపై కట్టిన పన్నును మినహాయించుకునే వీలు పోయింది, కాబట్టి అది లోపలి ఖర్చులో కలుస్తుంది. ఏడాదికి 20 లక్షల లోపు రాబడి ఉండి, విడిగా పనిచేసుకునే ఆర్టిస్టులకు సాధారణంగా నమోదే అవసరం లేదు.

బేరం ఆడాల్సింది మొత్తం మీద కాదు, షరతుల మీద. పెళ్లి పని ఒప్పుకుంటే ట్రయల్ సొమ్ము మొత్తంలో తగ్గిస్తారా? ఒక అలంకరణా, ముహూర్తానికీ రిసెప్షన్‌కూ విడివిడిగా రెండా? జడ మనిషి కూడా వస్తారా? అసలు పూలు పెట్టి చూడాలంటే ఆ ఖర్చు వేరా? ట్రయల్ చేసిన చేయే పెళ్లినాడూ వస్తుందా? చివరి ప్రశ్న అన్నిటికన్నా విలువైనది. ట్రయల్ ఒకరు చేసి పెళ్లికి శిష్యురాలు వస్తే, కాగితం చేతులు మారినా దాని వెనక ఉన్న చూపు చేతులు మారదు.

డల్లాస్ నుంచో న్యూజెర్సీ నుంచో పెళ్లికి నాలుగు రోజుల ముందు దిగే అమ్మాయిలు ఈ సొమ్ము మిగుల్చుకుందామని వీడియో కాల్‌లో ట్రయల్ అడుగుతుంటారు. జడ నమూనా, నగల అమరిక దాకా అది పనికొస్తుంది. రంగుకు పనికిరాదు. ఫోన్ కెమెరా గదిలోని వెలుతురును బట్టి తెలుపును తానే సర్దుకుంటుంది, చర్మం లోపలి ఛాయ ఆ సర్దుబాటులో మాయమవుతుంది. అలాంటి వాళ్లకు దిగిన మర్నాడే ఒక చిన్న ట్రయల్ పెట్టుకోవడం, అందులో రంగు, చర్మ పరీక్ష, జుట్టు ఆరే సమయం, ఈ మూడింటికే పరిమితం కావడం తెలివైన పొదుపు.

ట్రయల్ సొమ్ము దండగైందో లేదో తెలుసుకోవడానికి అద్దం అక్కర్లేదు. కుర్చీ లోంచి లేచేలోపు అనుకున్నదాంట్లో ఏదో ఒకటి మారిందా? పఫ్ వెనక్కి జరిగిందా, సీసా మారిందా, జడ రెండంగుళాలు పొట్టయిందా, నిద్రలేచే వేళ ముందుకు వచ్చిందా? ఏమీ మారకుండా అందరూ బాగుందని మెచ్చుకుంటే అది అలంకరణ మాత్రమే. ఒక్కటి మారినా, పెళ్లినాడు పీటల మీద తేలాల్సిన తప్పు ముందే తేలిపోయినట్టు. ఆ ఇంటి పెద్ద ట్రయల్ పద్దు దగ్గర ఆగినప్పుడు అడగాల్సిన కాగితం బిల్లు కాదు. పాళ్లూ పిన్నులూ వేళలూ రాసిన ఆ రెండో కాగితం. అది చూపించగలిగిన వాళ్లకు అడిగినంతా ఇవ్వొచ్చు.